మాలి బంగారం పండే ఊళ్లలో అజాన్ ఎందుకు వినిపించలేదు?

652లో ఈజిప్టు నుంచి నైలు వెంట దక్షిణానికి దిగిన అరబ్బు సైన్యాన్ని డోంగోలా దగ్గర నుబియా (నేటి సూడాన్ ప్రాంతపు క్రైస్తవ రాజ్యం) విలుకాళ్లు నిలబెట్టేశారు. వాళ్ల బాణాలు సూటిగా కంటిపాపల్నే తీసేవని అరబ్బు చరిత్రకారులే రాసుకున్నారు. చివరికి 'బక్త్' ఒప్పందం కుదిరింది. నుబియా నుంచి బానిసలు, ఈజిప్టు నుంచి ధాన్యం, బట్టలు. డోంగోలా దర్బారు మసీదుగా మారింది 1317లో, అంటే 665 ఏళ్ల తర్వాత.

సాహారాకు అవతల, పశ్చిమాన, కథ వేరు. అక్కడికి ఇస్లాం ఒంటెల బిడార్లతో వచ్చింది. 1076లో మొరాకోను ఏలిన ముస్లింలైన అల్మొరావిద్‌లు ఘానాను కత్తితో గెలిచారని చాలాకాలం చెప్పుకున్నారు గానీ, ఆనాటి రాతల్లో దానికి గట్టి ఆధారం లేదు. (ఆ ఘానా నేటి ఘానా కాదు. నేటి మౌరిటానియా, మాలి సరిహద్దుల్లో ఉండేది.)

1068లో స్పెయిన్‌లోని కార్డోబాలో కూర్చుని, వెళ్లొచ్చిన వాళ్లను అడిగి భూగోళ రచయిత అల్-బక్రీ ఘానా గురించి రాసిన వర్ణన చూడండి. రాజధాని అంటే రెండు ఊళ్లు. ఒకటి పన్నెండు మసీదులున్న ముస్లింల ఊరు, ఆరు మైళ్ల దూరంలో రాజుగారి ఊరు. రాజు పాత దేవుళ్లనే కొలుస్తాడు, కానీ కోశాధికారీ దుబాసీలూ ముస్లింలే. దర్బారులో రాజు మతస్థులు మోకాళ్ల మీద పడి నెత్తిన మట్టి చల్లుకుంటారు, ముస్లింలు చప్పట్లు కొడితే చాలు. లోపలికొచ్చే గాడిద మోపు ఉప్పుకి ఒక దీనారు సుంకం, బయటికెళితే రెండు. ఈ లెక్కలకు చదవను, రాయను వచ్చినవాళ్లు కావాలి. మతం కంటే ముందు రాజుకు పనికొచ్చింది వాళ్ల రాతకోతలేనని నా అభిప్రాయం.

ఉప్పు విలువ అలాంటిది మరి. 1352లో సహారాలోని ఉప్పు గనుల ఊరు తఘాజా మీదుగా వెళ్లిన మొరాకో యాత్రికుడు ఇబ్న్ బతూతా అక్కడ ఉప్పు దిమ్మెలతో కట్టి, ఒంటె తోళ్లు కప్పిన ఇళ్లు చూశాడు. గనుల్లో పనిచేసేది బానిసలు. ఒంటెకు రెండు పలకలు. ఆ బరువు ఎడారి అంచున ఉన్న వలాటాలో 8 నుంచి 10 మిథ్కాళ్లు (మిథ్కాల్ అంటే నాలుగు గ్రాములకు పైచిలుకు బంగారం) పలికితే, ఘానా తర్వాత ఎదిగిన మాలి రాజ్యపు రాజధానిలో 20 నుంచి 30, ఒక్కోసారి 40.

మాలి రాజులు అప్పటికే ముస్లింలు. అయినా బంగారం పండే ఊళ్ల జోలికి మాత్రం మతాన్ని పోనివ్వలేదు. అక్కడ అజాన్ వినిపిస్తే బంగారం తగ్గిపోయి, పక్క ఊళ్లకు తరలిపోతుందని వాళ్లు నమ్మేవారని ఆ కాలపు అరబ్బు రచయిత అల్-ఉమరీ రాశాడు. నమ్మకం మాట ఎలా ఉన్నా, కప్పం ఆగకపోవడమే వాళ్లకు ముఖ్యం. అందుకే ఆ ఊళ్లను పాత మతంలోనే వదిలేశారు.

1324లో మాలి రాజు మూసా హజ్‌కు వెళుతూ కైరోలో ధారాళంగా పంచింది ఆ బంగారమే. అప్పటిదాకా 25 వెండి దిర్హమ్‌లకు తగ్గని మిథ్కాల్ 22కు, అంతకంటే కిందికీ దిగింది. పన్నెండేళ్లయినా ధర పైకి లేవలేదట.