90 రోజులు దాటితే సస్పెన్షన్ దానంతటదే పోతుందా?

"సస్పెన్షన్‌కు 90 రోజులు దాటితే ఆర్డరు దానంతటదే రద్దు. సుప్రీంకోర్టే చెప్పింది. నేరుగా వెళ్లి డ్యూటీలో చేరిపోండి. అసలు విచారణ లేకుండా శిక్ష వేయడమే చెల్లదు." ఉద్యోగుల వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతున్న మెసేజ్ ఇది. సగం జీతంతో ఇల్లు నెట్టుకొస్తున్న మనిషి దీన్ని నమ్మితే మరింత చిక్కుల్లో పడతాడు. అందుకే రాస్తున్నాను.

ముందు ఆ తీర్పు సంగతి. అది అజయ్ కుమార్ చౌదరి కేసు, 2015 ఫిబ్రవరి 16 నాటిది. మూడు నెలల్లోపు ఛార్జిషీటు (ఆరోపణల పత్రం, ఛార్జిమెమో అన్నా ఇదే) ఇవ్వకపోతే సస్పెన్షన్‌ను అంతకు మించి సాగదీయకూడదని కోర్టు అన్నది నిజమే. కానీ ఛార్జిషీటు ఇస్తే, కారణాలు రాసి పొడిగించవచ్చని కూడా అంది. మెసేజ్‌లో ఈ రెండో ముక్క లేదు. ఆ కేసు వేసిన అధికారికే అప్పటికి ఛార్జిషీటు అందింది. అందుకే ఈ ఆదేశాలు ఆయనకు పనికిరాకపోవచ్చని, కావాలంటే సస్పెన్షన్ కొనసాగింపును విడిగా సవాలు చేసుకోవచ్చని అదే తీర్పులో ఉంది.

"దానంతటదే రద్దు" అన్నది కేంద్ర ఉద్యోగుల 1965 నిబంధనల్లోని మాట. అక్కడ 90 రోజుల్లోపు సమీక్షించి పొడిగించకపోతే సస్పెన్షన్ చెల్లదు. దీపక్ మాలి కేసులో సుప్రీంకోర్టు దీన్ని ఖాయం చేసింది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్ర ఉద్యోగులకు వర్తించే 1991 సీసీఏ రూల్స్‌లో (క్రమశిక్షణ నిబంధనల్లో) 8వ రూలు వేరు. అధికారి దాన్ని మార్చేదాకా, ఎత్తేసేదాకా సస్పెన్షన్ ఆర్డరు అమల్లోనే ఉంటుంది. కాబట్టి తిరిగి విధుల్లోకి తీసుకునే ఉత్తర్వు లేకుండా ఆఫీసుకు వెళ్తే హాజరు పట్టీలో సంతకం పెట్టనివ్వరు.

ఇక శిక్ష మాట. విచారణ తేలేదాకా పెట్టే సస్పెన్షన్‌ను శిక్షగా చూడరు. అందుకే ముందుగా సంజాయిషీ అడగలేదన్న ఒక్క కారణంతో కోర్టు దాన్ని కొట్టేయదు. ఆరోపణ నిజమా కాదా అన్నది కూడా ఆ దశలో తేల్చదు. ఇచ్చిన అధికారికి ఆ అధికారం ఉందా, కక్షతో చేశారా, అకారణంగా సాగదీస్తున్నారా అన్నవే చూస్తుంది.

అలాగని కోర్టుకు వెళ్లి లాభం లేదనుకోవద్దు. తమిళనాడు ఐపీఎస్ అధికారి ప్రమోద్ కుమార్ ఏళ్ల తరబడి సస్పెన్షన్‌లో ఉంటే, ఇంకా కొనసాగించడం వల్ల ప్రయోజనం లేదని 2018లో సుప్రీంకోర్టు తేల్చింది. ఛార్జిమెమో రాకుండా మూడు నెలలు గడిస్తే, సస్పెన్షన్ ఆర్డరు అందిన తేదీ వేసి, 2015 తీర్పు చూపిస్తూ ముందు అధికారికి అర్జీ పెట్టండి, రసీదు తీసుకోండి. జవాబు రాకపోతే హైకోర్టులో రిట్ పిటిషన్ వేసేటప్పుడు ఆ రసీదు జతచేయండి.