అప్పడం ఏ మాట దగ్గర విరిగింది?

సినిమా షూటింగులో భోజనం సీను పడిందంటే నటులకు పండగ, కంటిన్యుటీ, అంటే ఒక షాట్లో ఉన్నదే పక్క షాట్లోనూ ఉండేలా లెక్క రాసే అసిస్టెంటుకు తద్దినం. హాలీవుడ్‌లో ఈ పనికి స్క్రిప్ట్ సూపర్‌వైజర్ అని వేరే ఉద్యోగం, వేరే కుర్చీ ఉంటాయి. మన దగ్గర క్లాప్ కుర్రాడికి ఒక మెట్టు పైనున్న అసిస్టెంట్ డైరెక్టర్ చేతిలో ప్యాడు పెడితే సరి, ఆ హోదా వచ్చేస్తుంది. కుర్చీ మాత్రం రాదు.

సీను చిన్నదే. తండ్రీ కొడుకులు ఎదురెదురుగా పీటలేసుకుని, అరిటాకుల్లో తింటూ, పొలం అమ్మకం మీద పోట్లాడుకోవాలి. రెండున్నర నిమిషాలు. సీనంతా ఒకేసారి కనపడే మాస్టర్ ఒకటి, ఎదుటివాడి భుజం మీంచి తీసే సజెషన్ చెరొకటి, చెరో క్లోజ్, ఆకును మాత్రమే దగ్గరగా చూపే ఇన్సర్ట్ ఒకటి, వెరసి 6 షాట్లు. షాటుకు ఒక రిహార్సలు, 4 టేకులు అనుకుంటే 30 అప్పడాలు విరగాలి. దారిలో విరిగేవి ఇంకో పది. అందుకని ముందురోజే 40 అని చీటీ రాసిస్తాడు మనవాడు. ప్రొడక్షన్ మేనేజరు చీటీని ఎగాదిగా చూసి, “సీనులో భోజనమా, పెళ్లి భోజనమా?” అని 15కి కోసేస్తాడు.

మాస్టర్ మూడో టేకు ఓకే. “అమ్మేస్తా” అన్న మాట దగ్గర కొడుకు కుడిచేత్తో అప్పడం విరిచాడు, “నా వాటా” దగ్గర నోట్లో పెట్టుకున్నాడు, తండ్రి “ఒరేయ్” అనగానే ఎడమచేత్తో గ్లాసు ఎత్తాడు. నీళ్లు సగానికి రెండు వేళ్లు కింద. ఇదంతా ప్యాడులో మాటల పక్కనే రాసుకోవాలి. సినిమా సెకనుకు 24 ఫ్రేములు కదా, అరసెకను తేడా వచ్చినా 12 ఫ్రేములు. మాస్టర్‌లో నోటి దగ్గరున్న అప్పడం, కట్ పడగానే మళ్లీ ఆకులో పడి ఉంటుంది.

మాస్టర్ అయింది కదా, ఇక కొడుకు వంతు అనుకుంటే అమాయకత్వమే. లైట్లు తండ్రి వైపు కట్టి ఉన్నాయి కాబట్టి ముందు ఆయన షాట్లన్నీ లాగేస్తారు. ఆనక లైట్లు తిప్పి కొడుకు వైపు వచ్చేసరికి లంచ్ బ్రేక్. బ్రేక్ అయ్యేసరికి మూడు మార్పులు. కొడుకు వేషం వేసిన హీరోగారు క్యారవాన్‌లో బిర్యానీ తిని ముద్ద ఎత్తలేకుండా ఉన్నారు. మిగిలిన అప్పడాలు ఎవరి పప్పన్నంలోకో వెళ్లిపోయాయి. లైట్ల వేడికి ఆకు అంచులు ముడుచుకుపోయాయి. తడిగుడ్డ కప్పి ఉంచమని మనవాడు చెప్పాడు గానీ, కప్పాల్సినవాడు అప్పడం తింటున్నాడు.

కొత్త అప్పడాలు వచ్చాయి. పొద్దున్నవి అరచేయంత, ఇవి గుంతపొంగణాల్లాగా బుల్లిబుల్లివి, పైగా మిరియాలవి. “ఏంట్రా కంటిన్యుటీ?” అన్నారు డైరెక్టరుగారు. మనవాడు ఫోను తీశాడు. ఫోటోలు 200 ఉన్నాయి, అన్నీ “యాక్షన్” అనకముందువే. అన్నిట్లోనూ అప్పడం విరగని పౌర్ణమి చంద్రుడే. కావలసింది “కట్” అన్న మరుక్షణం, ఎవ్వరూ ఏదీ ముట్టకముందు తీసిన ఫోటో. అదొక్కటీ లేదు.

అప్పడం ఎక్కడ కొరికాడన్నదాని మీద కో-డైరెక్టరుకీ మనవాడికీ పావుగంట వాదన. ఆ సందులో సెట్ అసిస్టెంటు వచ్చి కొత్త ఆకు వేసి వెళ్లాడు. కెమెరా వైపు నిలబడి, తనకు ఎడమగా కొస పెట్టి వేశాడు. తినేవాడికి ఎడమవైపు ఉండాల్సిన కొస కుడివైపుకు వచ్చింది. అందరి కళ్లూ అప్పడం మీదే. తండ్రి భుజం మీంచి సజెషన్, నాలుగు టేకులు, ఓకే.

విషయం ఎడిటింగ్ రూములో బయటపడింది. మాస్టర్‌లో కొస ఒకవైపు, సజెషన్‌లో ఇంకోవైపు. మన ఊళ్లలో ఇది పట్టుకోవడానికి ఎడిటరు అక్కర్లేదు, వడ్డన తెలిసిన పిన్నిగారు చాలు.

“షాట్ తిప్పేద్దాం సార్,” అన్నాడు మనవాడు. ఎడిటరు మాట్లాడకుండా మీట నొక్కాడు. అద్దంలోలాగా బొమ్మ తిరగబడింది, ఆకు కొస శాస్త్రోక్తంగా ఎడమకు వచ్చింది. హీరో ఎడమచేత్తో తినడం మొదలుపెట్టాడు. చొక్కా జేబు కుడివైపుకు ఎక్కింది. ఎడమవైపు చూసే చూపు కాస్తా కుడివైపుకు తిరిగి, పొలం వాటా తండ్రినొదిలేసి గోడను అడుగుతున్నాడు.

సరే, జూమ్ చేసి చూశారు. ఆకు ఫ్రేములోంచి పోయింది, దాంతోపాటు అప్పడం, చెయ్యి కూడా పోయాయి. కరకరమని చప్పుడు మాత్రం వస్తోంది, పళ్లు కొరుకుతున్నట్టు.

ఆఖరికి ఎందుకైనా మంచిదని ఇంకో రోజు తీసి ఉంచిన షాటొకటి గుర్తొచ్చింది, గోడ మీద తాతగారి ఫోటో. కట్ అతకని చోట అలాంటిది ఒకటిన్నర సెకను వేస్తే అప్పడం, ఆకు అన్నీ దాని కిందికి సర్దుకుంటాయి. వేశారు. అందరూ ఊపిరి పీల్చుకుని టీ చెప్పారు.

టీ వచ్చేలోపు మనవాడు మాస్టర్ ఇంకోసారి చూశాడు. అందులో తాతగారికి బంతిపూల దండ. ఈ షాట్లో గంధపు చెక్కల దండ.

ప్యాడు మెల్లగా మూసి, టీ తాగేదాకా ఎవరికీ చెప్పలేదు.