తుపాకీకి రంగు, అమ్మ ఖాతాలో కోత

ఇంటర్ చదివే పిల్లాడు ఫోన్‌లో బీజీఎంఐ అనే తుపాకుల ఆట ఆడుతుంటే, ఇంట్లో గొడవంతా ఎంతసేపు ఆడాడన్న దాని మీదే. ఆ ఆట లోపల 24 గంటలూ తెరిచి ఉండే దుకాణం ఒకటుందని చాలామంది తల్లిదండ్రులకు తెలియదు. నా టెన్షన్ ఆ దుకాణం గురించే.

ఆట ఉచితం. అమ్మేది స్కిన్లు: ఆటలోని మనిషికి బట్టలు, తుపాకీకి రంగులు. ఎక్కువగా అలంకారమే. అయినా పిల్లలు కొంటారు, ఎందుకంటే జట్టులోని మిగతా ముగ్గురూ చూస్తారు. మామూలు బట్టల్లో దిగినవాడిని 'నూబ్', అంటే ఆట రానివాడు, అంటారు. పదిహేనేళ్ల వయసులో ఆ మాట గట్టిగానే తగులుతుంది. దాన్ని చిన్నతనమని కొట్టిపారేయకూడదు.

అసలు కిటుకు ధరలో ఉంది. ముందు రూపాయలు పెట్టి యూసీ, అంటే ఆటలో చెల్లే డబ్బు, కొనాలి; ఫ్రీ ఫైర్ మ్యాక్స్ అనే ఇలాంటి ఇంకో ఆటలోనైతే డైమండ్లు. ఆ తర్వాత ఖర్చయ్యేది యూసీయే, రూపాయి కంటికి కనబడదు. ప్యాకుల లెక్కన కొనాలి కాబట్టి కొంత మిగులుతుంది. అది వాడాలంటే మళ్లీ టాప్-అప్. అమ్మ ఫోన్‌లో యూపీఐ పెట్టిచ్చింది చాలా ఇళ్లలో ఆ పిల్లాడే, పిన్ వాడికి తెలుసు. ఇక క్రేట్లు, అంటే ఆటలో అమ్మే మూసిన పెట్టెలయితే, డబ్బు కట్టాకే లోపల ఏముందో తెలుస్తుంది. కావాల్సింది రాకపోతే ఇంకోటి తెరవాలనిపిస్తుంది. 2018లో బెల్జియం ఇలాంటి లూట్ బాక్సులను జూదంగానే తేల్చింది.

మన దగ్గర ఆన్‌లైన్ రమ్మీని తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. 2025 ఆగస్టులో కేంద్రం ఆన్‌లైన్‌లో డబ్బు పందేల ఆటలన్నిటినీ నిషేధిస్తూ చట్టం చేసింది. ఎన్నో కుటుంబాలు అప్పుల పాలయ్యాక వచ్చినా, మంచి చట్టమే. కానీ అది చూసేది గెలిస్తే డబ్బు వస్తుందా అని. క్రేటులోంచి వచ్చేది తుపాకీ రంగు, కాబట్టి ఆ లెక్కలోకి రావడం కష్టం. ఆటనే నిషేధించినా ఫలితం చూశాం. 2020 సెప్టెంబరులో పబ్జీ పోయింది, తర్వాతి జులైలో బీజీఎంఐ వచ్చింది. పేరు మారింది, దుకాణం మారలేదు.

2023 డేటా రక్షణ చట్టం 18 ఏళ్ల లోపు వారందరినీ పిల్లలుగానే చూస్తుంది, వారిని గురిపెట్టి ప్రకటనలు ఇవ్వొద్దంటుంది. అదే గీత అమ్మకాలకూ గీయాలి. ప్రతి వస్తువు ధర రూపాయల్లో కనబడాలి, 18 నిండనివారికి క్రేట్లు అమ్మడం ఆపాలి.