ఫ్లాక్ సరే, ఏ మాస్టర్?

రాక్ బ్యాండ్ డెఫ్ లెపర్డ్ ఆల్బమ్ ‘హిస్టీరియా’ లాస్‌లెస్‌లో (అంటే ఫ్లాక్ లాంటి, సౌండ్‌లో ఏమీ పోగొట్టని ఫైలుగా) కావాలని నెల రోజులుగా వెతుకుతున్నాను.

1987 ఆగస్టులో వచ్చిన ఆల్బమ్. డ్రమ్మర్ రిక్ ఆలెన్ 1984 డిసెంబర్ 31న కారు ప్రమాదంలో ఎడమ చెయ్యి పోగొట్టుకుని, కాళ్లతో కూడా వాయించేలా ఎలక్ట్రానిక్ కిట్ చేయించుకుని మళ్లీ కూర్చున్నాడు. ప్రొడ్యూసర్ మట్ లాంగ్ గొంతుల మీద గొంతులు, గిటార్ల మీద గిటార్లు పేర్చుకుంటూ పోయాడు. తక్కువ బిట్‌రేట్ (బాగా కుదించిన) ఎంపీ3లో ఇదంతా ముద్దకట్టిపోతుంది. నా బాధ అదే.

మొదట ఒకచోట డబ్బులిచ్చి ఫ్లాక్ కొన్నాను. సైజు బ్రహ్మాండం. స్పెక్ట్రమ్ (ఏ ఫ్రీక్వెన్సీలో ఎంత సౌండ్ ఉందో చూపే బొమ్మ) తెరిచి చూస్తే 16 కిలోహెర్ట్జ్ పైన గీత గీసి కోసినట్టు ఖాళీ! అంటే, పై శబ్దాలు కోసేసిన ఎంపీ3నే ఫ్లాక్ చేసి అమ్మారు. నీళ్లపాలు పెద్ద బిందెలో పోస్తే చిక్కబడతాయా?

అసలు ఫ్లాక్ దొరికినా గొడవ తీరదు. లాస్‌లెస్ అంటే ఇచ్చింది ఇచ్చినట్టు దాచడం, అంతే. మాస్టర్ అంటే విడుదలకి సిద్ధం చేసిన చివరి కాపీ; దాన్ని మళ్లీ చేసిన రీమాస్టర్‌లో సౌండ్ పెంచి డ్రమ్స్ దెబ్బని చదును చేసి ఉంటే, ఆ చదునుని కూడా భద్రంగా దాస్తుంది. 24 బిట్ (సీడీ 16 బిట్ కన్నా సూక్ష్మంగా కొలిచిన సౌండ్) అని పెద్దక్షరాల్లో వేసేవాళ్లు అది ఏ ఏడాది మాస్టరో మాత్రం చెప్పరు. నాకైతే పాత సీడీ 16 బిట్టే చాలు.

ఎల్పీ (వినైల్ రికార్డు) కొనమంటారా? 62 నిమిషాల ఆల్బమ్‌ని ఒక్క ఎల్పీలో కుక్కారు, వైపుకి అరగంట. గాడులు ఇరుకైతే సౌండ్ తగ్గించక తప్పదు. ఇంకో తిరకాసు, రికార్డు కంపెనీతో గొడవపడి బ్యాండ్ వాళ్లు 2012 నుంచి కొన్ని హిట్లు మళ్లీ రికార్డ్ చేసి ఆన్‌లైన్‌లో పెట్టారు. ఒరిజినల్స్ స్ట్రీమింగ్‌కి వచ్చింది 2018 జనవరిలో. కాబట్టి దొరికింది ఏ రికార్డింగో చూసుకోండి.

చివరికి పాత సీడీయే కొన్నాను, సెకండ్ హ్యాండ్. ఒళ్లంతా గీతలు. రిప్పర్ (సీడీ నుంచి పాటల్ని కంప్యూటర్‌లోకి తీసే సాఫ్ట్‌వేర్) ఒక్కో చోట పదిసార్లు చదివింది, రాత్రి రెండయింది. అయినా చివరి పాటలో ఒక్క సెకను, ఎన్నిసార్లు చదివినా, ఒకదానితో ఒకటి సరిపోలలేదు.

ఇంత చేసి ఇప్పుడు వింటున్నది, సౌండ్‌ని మళ్లీ కుదించే బ్లూటూత్‌లో. తిట్టకండి, వైరు హెడ్‌ఫోన్ కుడివైపు పోయింది.