సవరణ: రాణి ఇడియా దంతపు ముఖం

న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలోని రాణి ఇడియా దంతపు ముఖం ఇప్పటి బెనిన్ దేశానిదనీ, రాజు దాన్ని ముఖానికి కట్టుకునేవాడనీ మొన్నటి పోస్టులో రాశాను. రెండూ తప్పే. అది ఇప్పటి నైజీరియాలో ఉన్న పాత బెనిన్ రాజ్యానిది. ఎత్తు సుమారు 24 సెంటీమీటర్లే. ముసుగులా తొడుక్కునేది కాదు, ఒంటి మీద వేలాడేలా కట్టుకునే ఆభరణం. మ్యూజియం వివరాల్లోనే ఈ సంగతి ఉంది. 16వ శతాబ్దంలో బెనిన్ రాజు ఎసిగీ తన తల్లి ఇడియా గౌరవార్థం చేయించాడని భావిస్తున్నారు. ఫొటోను కాస్త పెద్దది చేసి చూడండి: తలపై అంచున గడ్డాలున్న పోర్చుగీసు వాళ్ల తలలు, వాటి మధ్యమధ్య బురదచేపలు. ఎంత సన్నటి పనో!

1897లో బ్రిటిష్ సేనలు బెనిన్ నగరాన్ని కొల్లగొట్టి తరలించిన వాటిలో ఇదీ ఉంది. పాత పోస్టులో ఆ మాటే లేదు, ఇప్పుడు చేర్చాను.