1380 కోట్ల ఏళ్ల విశ్వానికి 9300 కోట్ల కాంతి సంవత్సరాల వెడల్పు ఎక్కడిది?

"విశ్వం వయసు 1380 కోట్ల ఏళ్లు. కాంతిని మించిన వేగం లేదు. కాబట్టి కనిపించే విశ్వం వెడల్పు 2760 కోట్ల కాంతి సంవత్సరాలు దాటకూడదు. శాస్త్రవేత్తలు చెప్పే 9300 కోట్లంటే వయసైనా తప్పు, ఐన్‌స్టీనైనా తప్పు." వాట్సాప్‌లో తెగ తిరుగుతున్న వాదన ఇది. గుణకారం సరిగ్గానే ఉంది, చేయాల్సిన లెక్కే అది కాదు.

"1380 కోట్ల ఏళ్లు నడిచిన కాంతి అంత దూరం నుంచే రావాలి."

దూరం ఎప్పటిది? బయల్దేరినప్పటిదా, ఇప్పటిదా? దారి సాగకపోతేనే రెండూ ఒకటి. జీఎన్-జడ్11 గెలాక్సీనే చూడండి. హైడ్రోజన్ 121.6 నానోమీటర్ల దగ్గర వదిలే అతినీలలోహిత గీత, అక్కణ్నుంచి మనల్ని చేరేసరికి సుమారు 1410 నానోమీటర్లకు జరిగి పరారుణంలో పడింది. భాగిస్తే 11.6. కాంతి దారిలో ఉండగా గెలాక్సీల మధ్య దూరాలు అన్ని రెట్లు సాగాయన్నమాట. బయల్దేరినప్పుడు ఆ గెలాక్సీ దూరం సుమారు 275 కోట్ల కాంతి సంవత్సరాలు, ఇప్పుడు 3200 కోట్లు, ప్రయాణానికి పట్టింది దాదాపు 1340 కోట్ల ఏళ్లు. మూడూ నిజమే. ఒకదాని చోట ఇంకోటి పెడితేనే చిక్కు. 9300 కోట్లు ఇలా సాగిన తర్వాతి, ఇప్పటి దూరాల లెక్క.

"అయితే కాంతి వేగం దాటినట్టేగా?"

సెకనుకు 2,99,792.458 కిలోమీటర్ల హద్దు, పక్కనున్న కాంతిని దాటిపోవడానికి సంబంధించింది. ఏ గెలాక్సీ ఆ పని చేయట్లేదు. విశ్వం ఇలా సాగడం, అంటే విస్తరణ, అసలు వేగమే కాదు, రేటు: ప్రతి 32.6 లక్షల కాంతి సంవత్సరాల దూరానికి సెకనుకు సుమారు 70 కిలోమీటర్లు. దూరం పెరిగేకొద్దీ ఆ లెక్కా పెరిగి, 1400 కోట్ల కాంతి సంవత్సరాల దగ్గర కాంతి వేగాన్ని అందుకుంటుంది.

"అంత వేగంగా దూరమయ్యేది కనిపించదు."

వీటిలో కాస్త పస ఉన్న ప్రశ్న ఇదే. కాంతి బయల్దేరినప్పుడు జీఎన్-జడ్11 మననుంచి కాంతికి నాలుగు రెట్ల వేగంతో దూరమవుతోంది. మనవైపు వస్తున్న ఆ కాంతి కూడా మొదట్లో వెనక్కే కొట్టుకుపోయింది. తర్వాత విస్తరణ రేటు తగ్గింది, విస్తరణ కాంతి వేగాన్ని అందుకునే ఆ దూరపు హద్దు బయటికి జరిగింది, కాంతి దాని లోపలికొచ్చి పడింది. అప్పటినుంచీ దగ్గరవుతూ వచ్చింది.

"దూరాలేమీ సాగలేదు, కాంతే దారిలో అలసి ఎర్రబడింది."

రంగు మాత్రమే మారితే ఈ మాట నిలిచేదేమో. కానీ రెడ్ షిఫ్ట్ 1 దగ్గర, అంటే కాంతి తరంగం రెట్టింపు సాగేంత దూరంలో, పేలిన టైప్ 1ఏ సూపర్‌నోవా (ఒక రకం నక్షత్ర విస్ఫోటనం), దగ్గర్లోని వాటికంటే రెట్టింపు రోజులు తీసుకుని మసకబారుతుంది. అలసిన కాంతి క్యాలెండర్‌ను సాగదీయలేదు.