కల సంగతి తర్వాత, ముందు కళ్ళు చూపించు

మొన్న నాగుల చవితికి ఇక్కడ, విదేశంలో, మన తెలుగువాళ్ళం తీసుకున్న హాల్లో జరిగింది చాలామంది చూశారు. రానివాళ్ళకి ఈపాటికి ఎవరో ఒకరు చెప్పే ఉంటారు. అయినా నేనూ రాస్తున్నాను. ఆ రోజు మైకు అందించింది నేనే కాబట్టి నాకూ కొంత బాధ్యత ఉంది.

పుట్ట బాగా కుదిరింది. థర్మోకోల్‌కి మట్టి పూసి పిల్లలే చేశారు. నేల మీద ఏదైనా ఒలికితే డిపాజిట్ పోతుందని హాలువాళ్ళు ముందే చెప్పారు కాబట్టి కింద ట్రే పెట్టి, పాలు చెంచాతో పోశాం. చలిమిడి, చిమ్మిలి జిప్‌లాక్ కవర్లలో పంచాం. ఎవరో ఊరి నుంచి తెచ్చిన పుట్టమన్ను పొట్లం విప్పి పిల్లల చెవులకి తలా కాస్త రాశారు. అక్కడితో భోజనాలకి లేచి ఉంటే ఎంత బాగుండేది.

ఆ తర్వాత స్క్రీన్ మీద పండితుడుగారు వచ్చారు. స్వప్న ఫలాలు, ప్రశ్నలకి జవాబులు. రెండో వరసలోంచి ఒకమ్మాయి లేచి, మూడు నెలలుగా పాము కలలోకి వస్తోందండీ అంది. ఆయన పాము గురించి ఒక్క ముక్క అడగలేదు. పెళ్ళయి ఎన్నేళ్ళన్నారు. నాలుగు. పిల్లలా? లేరండీ. అంతే, సర్పదోషం. మీ అత్తవారి వైపు ఎవరో పాముని చంపారమ్మా, శాంతి చేయించుకోవాలి, వివరాలు వాట్సాప్‌లో పంపిస్తాం. హాలంతా ఒక్కసారిగా 'అయ్యో' అంది. రెండొందల మంది కళ్ళు ఆ పిల్ల పొట్ట మీద వాలాయి. ఆమె పక్కన అత్తగారు కూడా ఉంది. నేను మైకు తీసుకుని తర్వాతివాళ్ళకి ఇచ్చేశాను. ఏమీ అనలేదు.

ఇదంతా మూఢనమ్మకం, తీసి పారేయండి అని రాయడం నాకు చేతకాదు. మాది కోనసీమ. ముమ్మిడివరం దగ్గర. మా ఇంట్లోనే ఇద్దరు సుబ్బారావులు, ఒక నాగమణి. సుబ్బారాయుడి షష్ఠి అంటే మాకు సంక్రాంతికి ముందు వచ్చే ఇంకో సంక్రాంతి. ఇంట్లో ఎవరికి పాము కల వచ్చినా పొద్దున్నే మా మామ్మ దగ్గరికి వెళ్ళి చెప్పుకోవాల్సిందే. మామ్మ బియ్యం చెరుగుతూ వినేది. ఏ రంగు? పడగెత్తిందా, పడుకుని ఉందా? నీకు భయమేసిందా, చూస్తూ నిలబడ్డావా? అన్నీ అడిగాక ఫలం చెప్పేది. కరిస్తే పీడ వదిలింది. వెంటపడితే సుబ్బారాయుడు మొక్కు గుర్తుచేస్తున్నాడు. చంపేస్తే శత్రువు పోయాడు. ఎటు తిరిగినా మంచే! తెల్లవారుజామున వచ్చిన కలైతే తొందరగా ఫలిస్తుందని కొసరు కూడా వేసేది. చెప్పుకున్నవాళ్ళు సగం బరువు అక్కడే దింపుకుని వెళ్ళేవాళ్ళు.

అలా చెప్పి ఒకసారి మనిషిని చంపబోయింది కూడా.

1986 వరద తగ్గిన మరుసటి ఏడు, వానాకాలం. ఆ వరద మా వైపు వాళ్ళెవరూ మర్చిపోరు. భద్రాచలం దగ్గర గోదారి 75.6 అడుగులు ఎక్కిన ఆగస్టు అది. అప్పుడు మేమంతా అటకెక్కి కూర్చుంటే వాసాల మీద ఒక జెర్రిగొడ్డు చుట్టుకుని ఉంది. దాని జోలికి పోకండర్రా, దానికీ ఇల్లు మునిగింది అంది మామ్మ. సరే, ఆ మరుసటి ఏడు సంగతికి వస్తాను. మా పాలేరు కొబ్బరితోట మకాంలో గోనెసంచులు పరుచుకుని నేల మీద పడుకునేవాడు. ఒక రోజు పొద్దున్నే నవ్వుకుంటూ వచ్చాడు.

"అమ్మగారండీ, రాత్రి కల్లో పాము కరిసేసిందండి. మంచిదేనాండి?"

"మంచిదేరా. పీడ పోయింది. నూతి దగ్గర నాలుగు చెంబులు పోసుకునిరా, కాఫీ ఇస్తాను."

స్నానం చేసి వచ్చాడు. కాఫీ నోట్లో పోసుకుంటే గొంతులోకి దిగలేదు, పెదవి చివర నుంచి చొక్కా మీదకి కారిపోయింది. కడుపులో తిప్పుతోందండి అన్నాడు. మాట ముద్దగా వచ్చింది. నేను ఎదురుగా మెట్టు మీద కూర్చుని చూస్తున్నాను. వాడి రెప్పలు సగానికి దిగిపోయాయి, నిద్రొచ్చినవాడిలాగా. నుదురు ముడిచి పైకెత్తాలని చూస్తున్నాడు, లేవడం లేదు. వాడి నడుము పక్కన దోమకుట్టిన దద్దురంత మచ్చ తప్ప ఏమీ దొరకలేదు.

అది కట్లపాము. రాత్రిపూట నేల మీద పడుకున్నవాళ్ళ పక్కకి వస్తుంది. దాని కాటుకి నొప్పి, వాపు పెద్దగా ఉండవు. కొందరికి మెలకువ కూడా రాదు. వచ్చినా కలే అనుకుంటారు. కొన్ని గంటలకి విషం నరాలకెక్కి ముందు రెప్పలు, తర్వాత గొంతు, ఆఖరికి ఊపిరి పట్టేస్తుంది. అప్పటికి ఎదుర్లంక వంతెన లేదు. అంబాసిడర్‌ని గోదారి దాటించే పంటు పడవ మీదకెక్కించి, యానాం ఒడ్డున దించుకుని కాకినాడ పెద్దాసుపత్రికి తీసుకెళ్ళారు. విషానికి మందు ఇచ్చాక కూడా రెండు రోజులు వాడి అన్నదమ్ములు వంతులవారీగా చేత్తో బెలూన్ నొక్కుతూ ఊపిరి పోశారు. బతికాడు. అలా బతకనివాళ్ళు ఎందరో. 2000 నుంచి 2019 దాకా మన దేశంలో పాముకాటుతో పోయినవాళ్ళు సుమారు 12 లక్షలని ఒక అంచనా. అంటే ఏడాదికి సగటున 58,000 మంది.

ఆ తర్వాత మామ్మ ఫలాలు చెప్పడం మానలేదు. కానీ ఎవరు కల అన్నా ముందు దగ్గరికి పిలిచి, బొటనవేలితో రెప్ప ఎత్తి చూసేది. "కల సంగతి తర్వాత, ముందు కళ్ళు చూపించు. రాత్రి ఎక్కడ పడుకున్నావు?"

మామ్మని దేవతని చేస్తున్నానని అనుకోకండి. ఆవిడే మా చిన్నత్తని మూడేళ్ళు వరసగా షష్ఠికి బిక్కవోలు సుబ్బారాయుడి గుడికి తీసుకెళ్ళి గుడి వెనకాల పడుకోబెట్టింది. అక్కడ నిద్రలో పాము కనిపిస్తే కడుపు పండుతుందని నమ్మకం. తెల్లారగానే చుట్టూ చేరి "కనిపించిందా?" అనేవాళ్ళు. మొదటి రెండేళ్ళూ లేదంది. మూడో ఏడు కనిపించిందని అబద్ధం చెప్పేసింది. రెండు నెలలు సున్నుండలు, పూతరేకులు, మంచం దిగనివ్వలేదు. ఈ మధ్య ఫోన్లో ఆ సంగతి చెబుతూ పగలబడి నవ్వింది, నవ్వి నవ్వి ఏడ్చింది. మా మామయ్యని ఒక్క డాక్టరు దగ్గరికీ ఎవరూ తీసుకెళ్ళలేదు. పామునైతే అడిగారు గానీ మామయ్యని అడగలేదు.

మన పిల్లలు ఇంకో వైపు నుంచి వస్తారు. మా అబ్బాయి కాలేజీలో సైకాలజీ క్లాసు తీసుకుని వచ్చి, పాము అంటే సెక్సు మమ్మీ, ఫ్రాయిడ్ చెప్పాడు అన్నాడు. మాకు పంచాంగం చివర ఉండే స్వప్న ఫలాల పట్టిక, వాడికి ఇది. నిజానికి ఫ్రాయిడ్ 1900లో కలల పుస్తకం వేసినప్పుడు ఎక్కువగా చేసింది కలగన్న మనిషిని అడగడమే. ఈ మాట వింటే నీకేం గుర్తొస్తోంది, ఆ బొమ్మ చూస్తే ఏం తోస్తోంది అని. దేనికేది గుర్తు అనే భాగం బాగా పెరిగింది తర్వాతి కూర్పుల్లో. జనానికి పట్టింది మాత్రం అదే. కెకూలే అనే జర్మన్ కెమిస్టు కునికిపాట్లలో తన తోకని తానే కరుచుకున్న పాముని చూసి బెంజీన్ అనే రసాయనం అణువు ఉంగరంలా ఉంటుందని కనిపెట్టానని 1890లో చెప్పుకున్నాడు. ఆ పామే మా ఊళ్ళో ఎవరికైనా కనిపిస్తే వెండి పడగ చేయించమనేవాళ్ళు. ఎవరి బుర్రలో ఏది మసులుతోందో పాము దాని మీద నుంచే పాకుతుందేమో.

శాంతి చేయించుకుంటే మనసు కుదుటపడేవాళ్ళు ఉన్నారు, వాళ్ళని నేను వద్దనను. నాకు కడుపు మండింది పూజ గురించి కాదు. అడగకుండా చెప్పేశారు, అదీ మైకులో చెప్పేశారు. మామ్మ తిట్టినా బియ్యం చేట ముందు, ఒక్క మనిషికి వినపడేలా తిట్టేది.

నాలుగు రోజుల తర్వాత సిగ్గు చచ్చి ఆ అమ్మాయికి ఫోన్ చేశాను. సారీ చెప్పి, మామ్మ ప్రశ్నలే అడిగాను. ఏ రంగు పామమ్మా?

"నల్లగా, అడ్డంగా తెల్ల పట్టీలున్నాయి ఆంటీ."

ఎక్కడ?

"మా ఇంట్లో. ఇక్కడ కాదు, ఊళ్ళో, గోదారి లంకలో. గడప దాటి లోపలికొస్తుంది. అమ్మ చల్లగా ఉంటుందని నేల మీదే పడుకుంటుంది. నేను ఫోన్ చేస్తూ ఉంటాను, ఎత్తదు."

నాన్న పోయి రెండేళ్ళయిందట. ఈ ఆగస్టులో వరద పెరట్లోకి వచ్చిందట. వీసా స్టాంపింగ్ డేట్ దొరక్క ఊరికి వెళ్ళలేకపోయిందట. కలలు అప్పటి నుంచే.

ఆమెని అడిగే ఇదంతా రాస్తున్నాను. కమిటీవాళ్ళకి నా మనవి, వచ్చే చవితికి ఆ ప్రశ్నలు జవాబుల కార్యక్రమం తీసేయండి. ఆ అరగంట భోజనాల్లో కలపండి. పక్కన కూర్చున్నవాళ్ళు అడుగుతారు.

ఇంకొకటి. ఈ డిసెంబరులో ముమ్మిడివరం వైపు వెళ్ళేవాళ్ళెవరైనా ఉంటే నాకు చెప్పండి. ఆ అమ్మాయి వాళ్ళమ్మగారికి మడత మంచం అక్కడే కొనిపించాం. ఇక్కడి నుంచి ఒక ఛార్జింగ్ టార్చిలైటు, రెండు స్వెట్టర్లు పంపాలి. రెండు కిలోలు దాటదు.